గుడ్లు పొదిగేది మామగారు, రెట్ట ఎత్తేది నేనా?

పాలకొల్లు దగ్గర ఒక పల్లె నుంచి ఒక పాఠకురాలు పెద్ద ఉత్తరమే రాశారు. ఆవిడకు ముప్ఫై ఆరేళ్లు. భర్త బ్యాంకు ఉద్యోగి, పొద్దున్నే బండి వేసుకుని వెళ్తే రాత్రికి గానీ ఇల్లు చేరరు. ఒక్కడే కొడుకు, మూడో తరగతి. అత్తగారు పోయి ఏడాది దాటింది. అప్పట్నుంచీ మామగారు అరుగు మీద కూర్చుని దారిన పోయేవాళ్లను చూడటమే గానీ నోరు విప్పడం తగ్గిపోయింది. దాళ్వా (రెండో పంట) వరి కోతలయ్యాక బాతుల వాళ్లు ఊరి చివర చేలల్లో వలలు కట్టి మందను దింపారు. ఒకరోజు మామగారు మనవణ్ణి వెంటబెట్టుకుని వెళ్లి డజను గుడ్లు తెచ్చారు. కూరకేమో అనుకున్నారట ఈవిడ. ఆయన ఒక థర్మాకోల్ పెట్టె, బల్బు, చిన్న ఫ్యాను, వేడీ తేమా చూపించే మీటరు తెప్పించి గుడ్లన్నీ అందులో సర్దేశారు. ఏడో రోజు రాత్రి సెల్‌ఫోన్ లైటు మీద పెట్టి చూసి, లోపల ఏమీ కట్టని మూడింటిని తీసేశారు. తొమ్మిది మిగిలాయి. పిల్లాడు తొమ్మిదింటి మీదా పెన్సిల్‌తో పేర్లు రాశాడు.

చిక్కులు అక్కడ మొదలయ్యాయి. ఉత్తరం రాసేనాటికి గుడ్లకు పదిహేనో రోజు. ఇరవై మూడో రోజున మామగారికి రాజమండ్రిలో శుక్లాల ఆపరేషన్. ఆ తర్వాత రెండు వారాలు ఆడపడుచు ఇంట్లోనే ఉంటారు. అంటే పిల్లలు గుడ్లలోంచి వచ్చే సమయానికి ఆయన ఊళ్లో ఉండరు. భర్తేమో "ఈ వయసులో నాన్నకెందుకీ లంపటం? అసలే బర్డ్ ఫ్లూ రోజులు. ఆ గుడ్లు ఆమ్లెట్ వేసిపారెయ్" అంటున్నారు. పక్కింటావిడ కంపూ గోలా అంటూ ఇప్పట్నుంచే గొణుగుతోంది. ఇవన్నీ ఒక ఎత్తయితే, ఒక పూట భోజనాల దగ్గర మామగారు "పోతు బాతుల్ని సంక్రాంతికి కోసుకుందాంలే" అనేశారు. పిల్లాడు కంచం ముందు నుంచి లేచిపోయాడు. ఆదివారం కోడికూర కూడా ముట్టుకోలేదు.

"నాకు బాతులంటే ఇష్టమూ లేదు, కోపమూ లేదు. ఈ ఇంట్లో ఎవరికే సరదా పుట్టినా చివరికి చీపురు నా చేతికే వస్తుంది. గుడ్లు ఆపెయ్యమంటారా? ఉంచితే పిల్లాడికి ఏం చెప్పాలి?" అని ముగించారు.

గుడ్లకు గడువుంది కాబట్టి వాటి సంగతి మీకు ముందే విడిగా రాసి పంపాను. మిగతావాళ్లకూ పనికొస్తుందని ఇక్కడ ఇంకాస్త వివరంగా చెబుతున్నాను. అసలు విషయం మాత్రం చీపురే. మీ ఉత్తరం నాలుగు పేజీలుంది. అందులో మిమ్మల్ని ఎవరైనా "నీకు వీలవుతుందా?" అని అడిగినట్టు ఒక్క చోటా లేదు. మామగారు అడగలేదు, తెచ్చారు. మీ ఆయన అడగలేదు, పారెయ్యమన్నారు. ఉంచే పనీ మీదే, పారేసే పనీ మీదే. గుడ్ల గురించి ఏం తేల్చుకున్నా ఈ ముడి విప్పకపోతే రేపు బాతుల బదులు ఇంకోటి వస్తుంది.

ముందు ఆపెయ్యడం గురించి. ఆ దారి ఉంది, మీరు ఎంచుకుంటే తప్పుపట్టను. కాకపోతే ఏం చేస్తున్నారో తెలిసి చెయ్యండి. బాతు గుడ్డు ఇరవై ఎనిమిది రోజులు పొదగాలి, కోడిగుడ్డులా ఇరవై ఒక్క రోజులకు తేలిపోదు. పదిహేను రోజులు దాటిన గుడ్డులో కళ్లూ ముక్కూ కాళ్లూ ఏర్పడిన పిల్ల ఉంటుంది. మీ ఆయన అన్న ఆమ్లెట్ దశ ఎప్పుడో పోయింది. (ఫిలిప్పీన్స్‌లో ఇంచుమించు ఈ వయసు గుడ్లనే ఉడకబెట్టి బలూట్ అని వీధుల్లో అమ్ముతారు, జనం ఇష్టంగా తింటారు. మీ వంటింట్లో మాత్రం ఆ గుడ్డు పగలగొట్టినవాళ్లు రెండు పూటలు అన్నం తినలేరు.) ఆపాలనుకుంటే మామగారికి చెప్పి, ఆయన చేతనే ఆపించాలి. ఆయన రాజమండ్రి వెళ్లాక స్విచ్ తీసేసి "కరెంటు పోయింది నాన్నా" అని పిల్లాడికి చెప్పే దారి ఒకటుంది చూశారూ, అది వద్దు. ఎనిమిదేళ్ల వాడికి మీటరు చదవడం వచ్చు.

ఉంచాలనుకుంటే మీకో మంచి మాట. మామగారు లేని రోజుల్లో పని చాలా తక్కువ. ఇరవై అయిదో రోజు దాకా గుడ్లను రోజుకు మూడుసార్లో అయిదుసార్లో తిప్పాలి. ఒక పక్క ఇంటూ గుర్తు, ఇంకో పక్క సున్నా పెట్టి ఉంటారు, పొద్దున ఇంటూ పైకి ఉంటే మధ్యాహ్నం సున్నా పైకి రావాలి. ఆయన వెళ్లిన రోజు నుంచి అది మీ వంతు, మూడు రోజుల ముచ్చట. ఇరవై అయిదు దాటాక తిప్పడం పూర్తిగా మానెయ్యాలి. అక్కణ్ణుంచి మూత తియ్యకపోవడమే పని. ఫ్యాను ఉన్న పెట్టె కాబట్టి వేడి 37.5 డిగ్రీల దగ్గర ఉండాలి. తేమ అప్పటిదాకా 55 శాతం దగ్గర ఉంటే చాలు, చివరి మూడు రోజులు 70కి పెంచాలి. పెట్టె అడుగున నీళ్ల పళ్లెం పక్కన ఇంకో పళ్లెం పెట్టి, అందులో తడి గుడ్డ వేస్తే పెరుగుతుంది.

మే నెల కాబట్టి మీకు చలి భయం లేదు, వేడి భయమే. గది 38 డిగ్రీలుంటే పెట్టెలో 37.5 ఎక్కణ్ణుంచి వస్తుంది? రేకుల వసారాలో ఉంటే పెట్టెను లోపలి గదిలోకి, వీలైతే నేల మీదకు మార్చండి. 39 దాటి గంటల తరబడి నిలిస్తే పిల్లలు లోపలే పోతాయి. పైగా చివరి వారంలో పిల్లల ఒంటి వేడి కూడా పెట్టెలో కలుస్తుంది, అందుకే గాలి చిల్లులు మూయకూడదు. గంటా రెండు గంటల కరెంటు కోతకు మాత్రం కంగారు పడక్కర్లేదు.

మీ పిల్లాడి చేతులు ఆగని రోజు ఒకటొస్తుంది. గుడ్డు వెడల్పు కొస దగ్గర చిన్న పగులు కనిపిస్తుంది, లోపల ముక్కు కదులుతుంటుంది, సన్నగా కిచకిచ వినిపిస్తుంది. ఆ తర్వాత ఏమీ జరగదు. గంట, ఆరు గంటలు, ఒక రాత్రి గడుస్తుంది. పాపం ఊపిరాడట్లేదేమో, పెంకు కాస్త ఒలిచేద్దాం అనిపిస్తుంది. ఒలవకండి. ఆ సమయంలో పొరలోని నెత్తురు పిల్ల ఒంట్లోకి వెనక్కి పోతుంటుంది, మిగిలిన పచ్చసొన పొట్టలోకి చేరుతుంటుంది. తొందరపడి ఒలిస్తే నెత్తురు కారి చచ్చిపోతుంది. పగులు పడ్డాక ఒక రోజు, ఒక్కోసారి ఒకటిన్నర రోజు పట్టడం మామూలే. ఆ తర్వాత అదే పెంకు చుట్టూ గుండ్రంగా కోసుకుంటూ వచ్చి టోపీ తోసినట్టు తోసేస్తుంది. చూద్దామని మాటిమాటికీ మూత తీస్తే తేమ పోయి పొర ఎండి పిల్లకు అతుక్కుపోతుంది. పెట్టెకు అద్దం లేకపోతే ఇప్పుడే మూతలో ఒక చిన్న గాజుముక్క అమర్చమని మామగారికి చెప్పండి, వెళ్లేలోపు ఆయనకదో పని. తొమ్మిదిలో ఆరో ఏడో వస్తే గొప్పే. రాని గుడ్ల గురించి పిల్లాడికి ముందే చెప్పి ఉంచండి.

ఆరే వచ్చాయనుకుందాం. అవి మీ ఇంట్లో ఎన్నాళ్లుంటాయి? ఈ లెక్క మీ ఇంట్లో ఎవరూ వేసినట్టు లేదు. బాగా చూసుకుంటే బాతు అయిదు నుంచి పదేళ్లు బతుకుతుంది. అయిదో నెల దాటాక గుడ్లు మొదలవుతాయి, రెండు మూడేళ్లు బాగా పెడతాయి, తర్వాత తగ్గుతాయి. మీవాడు పదో తరగతి పరీక్షలు రాసేటప్పుడు కూడా పెరట్లో ఇవే తిరుగుతుండవచ్చు. ఎదిగిన బాతు రోజుకు 120 నుంచి 150 గ్రాములు తింటుంది. ఆరింటికి నెలకు ఇరవై రెండు నుంచి ఇరవై ఏడు కిలోలు, నత్తలూ పురుగులూ ఏరుకుతింటే కొంత తగ్గుతుంది. నీళ్లు మాత్రం తెగ పారబోస్తాయి. చెరువు అక్కర్లేదు గానీ తల మొత్తం ముంచి ముక్కూ కళ్లూ కడుక్కునేంత లోతు తొట్టి కావాలి. పక్కింటావిడ భయపడే కంపు వచ్చేది ఈ నీళ్లూ రెట్టా కలిసి బురదైనప్పుడే. తొట్టిని గూటికి దూరంగా ఇసక మీద పెట్టి, రోజూ ఆ నీళ్లు అరటి మొదళ్లకు పారబోస్తే ముప్పాతిక వంతు కంపు ఉండదు. రోజూ పారబోసేది ఎవరన్నదే మిగులుతుంది.

దానికి నా సూచన ఒకటే. మామగారు ఊరెళ్లకముందు ఒక సాయంత్రం ముగ్గురినీ కూర్చోబెట్టి మీ వంతు ఎంతో మీరే చెప్పండి. "ఆయన వచ్చేదాకా మేతా నీళ్లూ చూస్తాను. వచ్చాక నాకు సంబంధం లేదు" అనొచ్చు. లేదా "పొద్దున నీళ్లు నేను పోస్తాను, రెట్ట ఎత్తను" అనొచ్చు. ఇందులో ఒక మెలిక ఉంది. కంటి ఆపరేషన్ అయినవాళ్లు డాక్టరు చెప్పినన్నాళ్లు దుమ్ముకూ మురికినీళ్లకూ దూరంగా ఉండాలి. కాబట్టి ఆయన రెండు వారాలకు తిరిగొచ్చినా వెంటనే గూడు శుభ్రం చెయ్యకూడదు. ఆ వారాలు ఎవరివి? మీ ఆయన సెలవు రోజున ఊక మార్చొచ్చు, ముందుగా వల కట్టి గూడు చేయించొచ్చు. దానికీ ఆయన ఒప్పుకోకపోతే, పెద్దాయన కోలుకునేదాకా పూటకు కొంత డబ్బిచ్చి మనిషిని పెట్టుకోవాలి, ఆ డబ్బు మీ ఆయన జేబులోంచి రావాలి. ఇంత కచ్చితంగా మాట్లాడితే కోడలు గీర పోతోందంటారేమోనని మీకు అనిపించవచ్చు. అననివ్వండి. అడక్కుండా మోసి, ఆర్నెల్లకు ఒకనాడు బద్దలయ్యే కంటే ఇదే నయం.

మీ ఆయన భయాన్ని మాత్రం తీసిపారెయ్యకండి. 2025 ఫిబ్రవరిలో తణుకు మండలం వేల్పూరులో, పెరవలి మండలం కానూరు దగ్గర కోళ్ల ఫారాల్లో బర్డ్ ఫ్లూ తేలింది, మీకు ఎంతో దూరం కాదు. బాతులతో ఉన్న ఇబ్బంది ఏమిటంటే, రోగం పైకి కనిపించకుండా వైరస్ మోయగలవు. చేలల్లోకీ పిల్లకాలువల్లోకీ వదిలితే అడవిపక్షులతో కలుస్తాయి. పెరట్లోనే వల కింద పెంచితే ఆ ప్రమాదం చాలావరకు తగ్గుతుంది, పూర్తిగా పోదు. ఎక్కడైనా రోగం తేలితే దానికి కిలోమీటరు లోపలున్న కోళ్లనూ బాతులనూ చంపేస్తారు, పెరటివైనా సరే. పెంచేవాళ్లు ఇది ముందే తెలుసుకుని ఉండాలి. పక్షులు ఉన్నట్టుండి చనిపోతే చేత్తో ముట్టుకోకుండా సచివాలయంలోని పశుసంవర్ధక సహాయకుడికి చెప్పాలి. మామూలు రోజుల్లో కూడా పిల్లాడు బాతుపిల్లను పట్టుకున్నాక సబ్బుతో చేతులు కడగాలి, ముద్దులు పెట్టకూడదు.

ఇక పోతుల సంగతి. మీరు నన్ను అడిగినవాటిలో కష్టమైనది ఇదే.

పుట్టినవాటిలో సుమారు సగం పోతులే అవుతాయి. ఏది పోతో ఏది పెట్టో నెలన్నర, రెండు నెలల దాకా తెలియదు. తెలిసేది గొంతును బట్టి. పెట్ట గట్టిగా క్వాక్ క్వాక్‌మని అరుస్తుంది, పోతుది బొంగురు గొంతు, గుసగుసలాడినట్టుంటుంది. తర్వాత పోతు తోక మీద ఈకలు పైకి చుట్ట తిరుగుతాయి. పక్కింటావిడ గోల అంటున్నది పెట్టల సంగతే, పోతులు ఆవిడ నిద్ర చెడగొట్టవు. అలాగని అన్నిటినీ కలిపి ఉంచడమూ కుదరదు. ఒక పోతుకు అయిదారు పెట్టలుండాలి. మూడు పెట్టల మీద మూడు పోతులుంటే పెట్టల మెడ మీద ఈకలు ఊడిపోయి పుండ్లు పడతాయి. అంటే మీవాడు కోరుకున్నట్టు "అన్నీ కలిసి హాయిగా" ఉండే దారి పెరట్లో లేదు.

మరి ఉన్న దారులు? పోతులన్నిటినీ విడిగా ఇంకో గూట్లో పెంచవచ్చు. పెట్టలు కనబడకపోతే అవి తమలో తాము సర్దుకుని బతుకుతాయి. గుడ్లు రావు, మేత మాత్రం అవుతుంది, అది కేవలం పిల్లాడి మాట కోసం పెట్టే ఖర్చు. రెండోది, రెండు నెలలకు పోతుల్ని ఇచ్చెయ్యడం లేదా అమ్మడం. కొన్నవాళ్లు కోసుకోవచ్చు, అది మీ చేతిలో ఉండదు. పిల్లాడు అడిగితే "ఉండవచ్చు" అని నిజమే చెప్పాలి. మూడోది మామగారన్నది. సంక్రాంతికి అవి ఏడు నెలలవి, కూరకు సరిగ్గా అందివస్తాయి, పెంచుకున్న బాతును పండక్కి కోయడం మన పల్లెల్లో ఎవరికీ వింత కాదు. ఆయన క్రూరుడు కాదు, ఆయన పెరిగిన ఇల్లు అలాంటిది. పిల్లాడూ సున్నితం ఎక్కువైనవాడు కాదు, పేరు రాశాడు, అంతే. నన్నడిగితే ఈ మొదటిసారికి ఇంట్లో కోత వద్దు. ఆ మాట మీరు కాకుండా మామగారే మనవడికి చెప్పాలి. "తాతయ్య కోయడు, రెండు నెలలయ్యాక పోతుల్ని ఎవరికిద్దామో ఇద్దరం కలిసి చూద్దాం" అంటే చాలు. పిల్లాడు ఒప్పుకోకుండా ఏడవచ్చు. ఏడవనివ్వండి. "బాతు ఎగిరిపోయింది" లాంటి కథ చెప్పిన రోజున మాత్రం మీకు పదేళ్ల పాటు అనుమానం చూపులు తప్పవు. కోడికూర గురించి ఒత్తిడి చెయ్యకండి. తింటాడో మానేస్తాడో వాడే తేల్చుకుంటాడు.

మామగారి గురించి ఇంకో మాట. అత్తగారు ఉన్నప్పుడు ఏటా బాతుగుడ్లు కోడి కింద పెట్టి పొదిగించేవారని ఉత్తరం మధ్యలో ఒక వాక్యం రాసి ముందుకెళ్లిపోయారు. చాలా బాతులు సరిగ్గా పొదగవు, మన పెద్దవాళ్లు పొదుగుకొచ్చిన కోడిని వెతికి దాని కింద ఎనిమిదో పదో గుడ్లు పెట్టి, అది తిప్పలేని బరువు కాబట్టి చేత్తో తిప్పి, నీళ్లు చిలకరించేవారు. ఆవిడ పోయాక మీరు కోళ్లు అమ్మేశారు. ఆ పని పెద్దాయన పెట్టెతో చేస్తున్నారు. ఇది మీ ఆయనకు తట్టిందో లేదో. తట్టి ఉంటే ఆమ్లెట్ మాట అనగలిగేవారు కాదేమో, లేదా అందుకే అన్నారేమో కూడా. తల్లి పోయిన కొడుకు ఆ పెరటి వైపు ఎలా చూస్తాడో నాకు తెలియదు, మీకు తెలుస్తుంది. ఒక్కసారి విడిగా అడగండి.

పిల్లలు వచ్చాక మొదటి రోజు మేత అక్కర్లేదు, లోపలికి చేరిన పచ్చసొన సరిపోతుంది. అట్టపెట్టెలో ఊక పొయ్యండి. న్యూస్‌పేపర్ మీద కాళ్లు జారి చెరో పక్కకు చాపుకుపోతాయి. మొదటి వారం 32 డిగ్రీల వేడి కావాలి, ఈ నెలలో పగలు మీ గదే అంత ఉంటుంది, బల్బు రాత్రికి చాలు. ఉట్టి నూకలు పెట్టకండి, కాళ్లు వంకర పోతాయి. కోడిపిల్లల మేతనే తడిపి పెడుతూ, గోధుమ తవుడూ కాస్త చేపపొడీ కలపండి. బూజు వాసన వచ్చిన వేరుశెనగ చెక్క మాత్రం చూస్తూ చూస్తూ వెయ్యొద్దు, బాతులు ఆ విషానికి కోళ్ల కంటే తొందరగా పోతాయి. నీళ్ల గిన్నె ముక్కు మునిగేంత లోతు, పిల్ల మునగనంత వెడల్పు ఉండాలి. తల్లి లేని పిల్లల ఈకలకు నూనె పట్టి ఉండదు. సరదాకి టబ్బులో వదిలితే తడిసి వణికి చచ్చిపోతాయి. ఈ సరదా మీ ఇంట్లో ఎవరికి పుడుతుందో మీకు తెలుసు.

ఇవేవీ మీ వల్ల కాదనిపిస్తే ఇంకో దారి ఇప్పటికీ ఉంది. గుడ్లు తెచ్చిన బాతుల వాళ్లనే అడగండి, మూడు నాలుగు వారాలు పెంచిన పిల్లల్ని మందలో కలుపుకుంటారేమో. కొందరు రోగాల భయంతో బయటి పిల్లల్ని తీసుకోరు, కొందరు సంతోషంగా తీసుకుంటారు. అప్పుడు పిల్లాడికి గుడ్డు పగలడం చూసిన ఆనందం దక్కుతుంది, మామగారికి నెల రోజుల పని ఉంటుంది, మీకు పదేళ్ల చాకిరీ తప్పుతుంది. చేలకు నీళ్లు వదిలే సరికి వాళ్లు మందను తోలుకుని ఇంకో ఊరెళ్లిపోతారు. కాబట్టి వాళ్ల ఫోన్ నంబరు ఈ వారంలోనే తీసుకోమని మీ ఆయనతో చెప్పండి. ఈ వ్యవహారంలో ఆయన చేసే మొదటి పని అదే కావచ్చు.